పిల్ల రానంటోంది

ఆదివారం పొద్దున్నే మాస్టారు రెండు కప్పుల టీ కలిపారు. రెండు కప్పులు కలపడం ఆయనకి ఇంకా కొత్తగానే ఉంది. ముప్ఫై ఎనిమిదేళ్ల కాపురంలో ఆయన ఒంటరిగా తాగిన టీలే ఎక్కువ. భార్య సినిమాలు తీసేది. "మీ ఆవిడ ఏ సినిమాలో కనిపిస్తుందండీ?" అని బడిలో తోటి టీచర్లు అడిగితే, "సినిమాలోనూ కనిపించదు, ఇంట్లోనూ కనిపించదు" అని చెప్పి, వాళ్లకంటే ముందు ఆయనే నవ్వేసేవారు.

వీధిలో అందరూ ఆవిడను ప్రొడ్యూసరమ్మ అనేవారు. అలాగని పెద్ద కంపెనీ ఏదీ లేదు. కథ తనే ఎంచుకుని, మనుషుల్ని తనే పోగుచేసుకుని, ఎవరి కిందా పనిచేయకుండా సినిమా తీసే బాపతు. పందొమ్మిదేళ్ల వయసులో నటుల దుస్తులు కుట్టే షెడ్డులో గుండీలు కుట్టడంతో మొదలుపెట్టింది. ఏ సీనులో ఎవరు ఏం వేసుకున్నారో రాసే అమ్మాయి ఒకరోజు రాకపోతే ఆ నోటుబుక్కు ఈవిడ చేతికొచ్చింది. తర్వాత ప్రొడక్షన్ మేనేజరైంది. ముప్ఫై దాటాక సొంతంగా ఒక మంత్రసాని కథ తీసింది. హాళ్లవాళ్లు ఎవరూ ఆడించడానికి ఒప్పుకోకపోతే, ప్రొజెక్టరును వ్యానుకెక్కించి ఊరూరా తిరిగి, బళ్లలో, గిడ్డంగుల్లో గోడకి తెల్లదుప్పటి కట్టి చూపించింది. తర్వాత పిల్లల సినిమా ఒకటి, అది బాగా ఆడింది. ఆపైన హాస్యచిత్రం ఒకటి, దానికి ఎవరూ నవ్వలేదు. ఉప్పుమళ్లలో పనిచేసేవాళ్ల మీదా, లైట్‌హౌస్ కాపలాదారుల మీదా డాక్యుమెంటరీలు. ఉన్నట్టుండి రెండేళ్లు టీవీ సీరియల్. అదీ మానేసి డబ్బింగ్ స్టూడియో. మళ్లీ సినిమాలు. ఒక పత్రిక "నిలకడలేని నిర్మాత" అని రాసింది. ఇంకో పత్రిక అదే సంగతిని మెచ్చుకుంటూ రాసింది. మాస్టారు రెండూ కత్తిరించి దాచారు.

పోయినేడు ఒక సినిమా పూర్తిచేసి, "ఇక మోకాళ్లు మాట వినడంలేదండీ" అంటూ ఇంటికి వచ్చేసింది. ఆవిడ మోకాళ్ల నొప్పులకి మాస్టారు పైకి బాధపడ్డారు గానీ లోపల ఆయనకు ప్రాణం లేచొచ్చింది. తెల్లారి మెలకువ రాగానే పక్కకి తిరిగి చూసుకునేవారు. మనిషి ఉండేది. ఆ తర్వాతే లేచి స్టవ్వు వెలిగించేవారు.

వాళ్లకున్న ఒక్క దిగులూ కూతురే. చిన్నప్పుడు ఒకచోట నిలవకుండా గంతులేసేదని పిచ్చుక అని పిలిచారు. ముప్ఫై నాలుగేళ్లొచ్చినా ఆ పేరే మిగిలింది. ఒక ఆస్పత్రిలో ఫార్మసిస్టు. మూడు బస్టాపుల అవతల ఒంటిగదిలో ఉంటోంది. ఆదివారాలు వచ్చి తండ్రితో గంటలకొద్దీ కబుర్లు చెప్పేది. తల్లితో మాత్రం బస్సుకోసం నిలబడ్డ ఇద్దరు అపరిచితుల్లా ఎండ గురించీ, వాన గురించీ మాట్లాడేది. పిచ్చుక వెళ్లిపోయాక బస్సు మలుపు తిరిగేదాకా ఆవిడ కిటికీ దగ్గరే నిలబడేది.

"దానికి నేనంటే గిట్టదు" అనేది వెనక్కి తిరగకుండానే.

"అదేం లేదులే" అని గొణిగి మాస్టారు ఖాళీ కప్పులు తీసుకుని వంటింట్లోకి తప్పుకునేవారు.

ఆ ఆదివారం పిచ్చుక ఎప్పటికంటే గంట ముందే వచ్చింది. చేతిలో రొట్టె పొట్లం. ముఖంలో మాత్రం రాత్రంతా ఏదో వల్లెవేసుకుని వచ్చిన మనిషి వాలకం. మాస్టారు బల్ల దగ్గర కూర్చుని చిక్కుళ్లు తుంచుతున్నారు.

"నాన్నా, అమ్మని పిలువు. ఇద్దరికీ కలిపి ఒకేసారి చెప్పేస్తాను. రెండోసారి చెప్పే ఓపిక లేదు నాకు."

"పిలవక్కర్లేదు, వచ్చాను" అంటూ ఆవిడ కుర్చీ లాక్కుని కూర్చుంది.

"ఉద్యోగం మానేశాను."

మాస్టారి చేతిలో చిక్కుడుకాయ చేతిలోనే ఉండిపోయింది. "మానేశావా? ఎవరైనా ఏమైనా అన్నారా?"

"ఎవరూ ఏమీ అనలేదు నాన్నా. రేపు కాదు, పై సోమవారం నుంచి సినిమాలో పనిచేస్తున్నాను. ప్రొడక్షన్లో. అసిస్టెంటుగా."

ఆయన పరాచికమనుకుని నవ్వబోయి, భార్య ముఖం చూసి ఆగిపోయారు.

"ఎవరి సినిమా?" అందావిడ.

"నీ దగ్గర మొదటి సినిమా చేసింది చూడు, పొడుగు డైరెక్టరమ్మ. ఆవిడదే. నేనే వెళ్లి అడిగాను. నువ్వెవరి కూతురివో మర్చిపోయి చేస్తానంటే రమ్మంది."

"అంటే దానికి తెలుసు. నాకు తెలీదు."

"ఇప్పుడు చెప్తున్నాగా."

"ముప్ఫై నాలుగేళ్లకి అసిస్టెంటు!" ఆవిడ గొంతు లేచింది. "ఏం చేస్తావో తెలుసా? ఎండలో గొడుగు పట్టుకుంటావు. జనాన్ని లెక్కపెట్టి బస్సెక్కిస్తావు. వానొస్తే అందరూ నిన్నే తిడతారు, రాకపోయినా నిన్నే తిడతారు. శుభ్రంగా నీడపట్టున కూర్చుని చేసే పని వదిలి..."

"ఇవన్నీ నాకు తెలుసు."

"ఏం తెలుసు నీకు? ఒక్కనాడైనా నా లొకేషన్లో అడుగుపెట్టావా?"

పిచ్చుక తల్లివైపు సూటిగా చూసింది. "పెట్టనిచ్చావా?"

"నేనా? నేను పెట్టనివ్వలేదా?" ఆవిడ బల్లమీద రెండు చేతులూ ఆన్చి ముందుకు వంగింది. "ప్రతి సెలవులకీ పిలిచాను. ఉప్పుమళ్ల దగ్గర షూటింగప్పుడు నా మంచం పక్కన నీకు మంచం వేయించాను. దోమతెర కట్టించాను. పదకొండు రోజులు ఆ మంచం అట్లాగే ఉంది. మా కెమెరామన్ దానిమీద లెన్సుల పెట్టె పెడితే గసిరాను. నువ్వేమో రానన్నావు!"

"నేను రానన్నానా?"

"కాదా?"

"అమ్మా, నేను సంచి సర్దుకుని గడపలో కూర్చున్నాను! ఎనిమిదేళ్లు నాకు. రెండు గౌన్లు, చెప్పులు, నీకిద్దామని బొమ్మలేసిన పుస్తకం. సాయంత్రం దాకా కూర్చున్నాను. అక్కడ చోటు లేదు, పిల్లలుంటే పనికి అడ్డం అని నువ్వే చెప్పావట."

"అడ్డం అన్నానా? ఆ మాట నీతో ఎవరన్నారు?"

పిచ్చుక చెప్పక్కర్లేకపోయింది. ఇద్దరూ ఒకేసారి బల్ల అవతలివైపు చూశారు.

మాస్టారి తల చిక్కుళ్ల గిన్నెలోకి వాలిపోయి ఉంది. ఇలాంటి రోజు ఒకటి వస్తుందని ఆయన పాతికేళ్లుగా భయపడుతూనే ఉన్నారు. తల్లీకూతుళ్లు ఎండా వానా మాట్లాడుకుంటున్నంత కాలం గండం గడిచినట్టే అనుకుంటూ వచ్చారు. అలా అనుకున్నందుకు సిగ్గుపడుతూ కూడా వచ్చారు.

"నేనే" అన్నారు.

చేతిలో చిక్కుడుకాయ గిన్నెలో పడేశారు. "మొదటిసారి నిజంగానే పిల్లకి జ్వరం. నువ్వేమో ఏ కొట్లోంచో ఫోన్ చేశావు. పది రోజులకోసారి దొరికే ఫోను, మూడు నిమిషాలు. పిల్లను తీసుకురండి అన్నావు. జ్వరమంటే పని వదిలేసి పరిగెత్తుకొస్తావని, పిల్ల రానంటోంది అనేశాను. అప్పటికి అదే మంచిదనిపించింది. మరుసటి సెలవులకి జ్వరమూ లేదు, ఏమీ లేదు. అయినా నువ్వు అడగ్గానే ఆ మాటే వచ్చేసింది. ఆ తర్వాత... ఆ తర్వాత ఇక అదే మాట."

"ఎందుకు నాన్నా?" పిచ్చుక గొంతులో కోపం కంటే ఆశ్చర్యమే ఎక్కువగా ఉంది.

"ఆ పని రుచి మరిగినవాళ్లు ఇంటికి తిరిగొస్తారా తల్లీ? మీ అమ్మను చూస్తున్నాగా. నువ్వూ వెళ్లి, నీకూ నచ్చేస్తే? ఈ ఇంట్లో ఎదురుచూడటానికి నేనొక్కణ్ణే మిగులుతాను." ఆయన తలెత్తలేదు. "సాయంత్రాలు నువ్వు 'అమ్మ ఎప్పుడొస్తుంది నాన్నా' అనేదానివి. ఇద్దరం క్యాలెండరు ముందు నిలబడి రోజులు లెక్కపెట్టేవాళ్లం. ఇద్దరం కలిసి ఎదురుచూస్తే అదంత కష్టంగా ఉండేది కాదు. అందుకే నిన్ను పట్టుకుని కూర్చున్నాను."

"మరి ఇంటికొచ్చినప్పుడైనా నన్ను అడగొచ్చుగా?" అంది పిచ్చుక, తల్లివైపు తిరిగి.

"నా మొహం మీదే రానంటావేమోనని భయం. నువ్వు అడగొచ్చుగా?"

"అడ్డం అన్న మాట నీ నోట వినడం ఇష్టంలేక."

ఆవిడ మాస్టారివైపు తిరిగింది. ఆ గొంతులో కేకల్లేవు. కేకలేసి ఉంటే ఆయనకి సులువుగా ఉండేది.

"నేను సీరియల్ ఎందుకు చేశానో తెలుసా మీకు?"

"రెండేళ్లు విసుక్కుంటూ చేశావు..."

"విసుక్కోవడమా? ప్రతిరోజూ అసహ్యించుకుంటూ చేశాను. కానీ షూటింగ్ ఊళ్లోనే. ఆరింటికల్లా ఇల్లు చేరొచ్చు. పిల్ల నా దగ్గరికి రానంటోంది కదా, నేనే పిల్ల దగ్గరికి వద్దామనుకున్నాను. తీరా వచ్చేసరికి దానికి పద్నాలుగేళ్లు. నన్ను చూడగానే గదిలోకి వెళ్లి తలుపేసుకునేది. సీరియల్ అయ్యాక స్టూడియో పెట్టాను. ఎందుకు? ఇక్కడికి బస్సులో పదిహేను నిమిషాలు. అది కాలేజీకి వెళ్లిపోయాకే మళ్లీ సినిమాలు. నిలకడలేదని రాశారు కదా, కత్తిరించి దాచారు కదా మీరు! నేను తిరిగిన తిరుగుడంతా ఈ గుమ్మం చుట్టూనే."

పిచ్చుక ఏడుస్తోంది. ముక్కు తుడుచుకుంటూనే అంది: "నీ స్టూడియో ఎదురుగా మందులషాపు ఉండేది, గుర్తుందా? కాలేజీ మొదటేడు సెలవులకి మూడు నెలలు అందులో పనిచేశాను."

"నువ్వా? నాకు చెప్పలేదే!"

"మధ్యాహ్నం నువ్వు మెట్లు దిగి ఎవరెవరితోనో నవ్వుతూ మాట్లాడేదానివి. ఇంట్లో ఎప్పుడూ అంత నవ్వగా చూడలేదు. ఒక్కసారి ఇటు తిరిగితే చెయ్యి ఊపుదామనుకునేదాన్ని. ఈలోగా మన మధ్యకి బస్సు వచ్చేసేది."

ఆవిడ లేచి, బల్ల చుట్టూ తిరిగి వచ్చి కూతురి తలను పొట్టకి అదుముకుంది. మోకాళ్ల నొప్పితో అంతసేపు నిలబడటం ఆవిడకు కష్టమే. అయినా కదల్లేదు. మాస్టారు లేవబోయారు.

"మీరు కూర్చోండి" అందావిడ.

ఆయన కూర్చున్నారు.

తర్వాతి వారమంతా ఇంట్లో గొడవేమీ జరగలేదు. ఆవిడ అలిగి భోజనం మానేయలేదు, గిన్నెలు చప్పుడు చేయలేదు. పొద్దున తన టీ తాగి, కప్పు తనే కడిగి బోర్లించేది. ఆయన రెండుమూడుసార్లు "నా మాట విను..." అని మొదలుపెట్టారు. "ఇప్పుడు కాదు" అని ఊరుకుంది. మధ్యాహ్నాలు తలుపు దగ్గరగా వేసుకుని కూతురితో ఫోన్లో మాట్లాడేది. ఒక్కోసారి గంటన్నర.

"కొత్త చెప్పులు వేసుకోకు, కాళ్లు కొరుకుతాయి... పేర్లు రాసుకో, లైటువాళ్లవి కూడా. పేరు పెట్టి పిలిస్తే పని ముందే అయిపోతుంది... అవునా, డైరెక్టరమ్మ అంతమాట అందా! దానికి నేనే నేర్పానే ఆ మాట!"

నవ్వు. అటునుంచి పిచ్చుక నవ్వు కూడా సన్నగా వినిపించేది. మాస్టారు హాల్లో పేపరు పట్టుకుని ఒకటే పేజీ చూస్తూ కూర్చునేవారు. ఆవిడ ఇంట్లోనే ఉంది, తలుపుకి అవతల నాలుగడుగుల దూరంలో. దూరదూరాల షూటింగుల్లో ఉన్నప్పుడు కూడా ఆయనకి ఇంత బెంగ కలగలేదు. అయినా ఆ నవ్వులు ఆగిపోతే బాగుండునని మాత్రం ఒక్కసారీ అనుకోలేదు. చెవులు రిక్కించి, అవి ఇంకాసేపు సాగాలనే కోరుకున్నారు.

సోమవారం తెల్లవారేసరికి ఆవిడ బయల్దేరడానికి తయారై గుమ్మం దగ్గర చెప్పులేసుకుంటోంది.

"ఎక్కడికి?"

"షూటింగుకి. మొదటిరోజు కదా, పిల్ల రమ్మంది." ఆవిడ పట్టీ బిగించుకుని నిటారుగా నిలబడింది. "మిమ్మల్ని కూడా రమ్మంది."

మాస్టారు తటపటాయించారు. "నువ్వేమంటావు?"

"నేనేమీ అనడంలేదు. అది చెప్పమన్నది చెప్పాను. ఈ ఇంట్లో కబుర్లు మధ్యదారిలో మాయమైపోయేవి. నేనలా చేయను."

చురుక్కుమంది. కానీ చొక్కా మార్చుకోవడానికి లోపలికి వెళ్లిన మాస్టారు బయటికి వచ్చేసరికి ఆవిడ ఇంకా గుమ్మంలోనే ఉంది. బస్సు ఒకటి వెళ్లిపోయినా ఉంది.

మూతపడిన పాత పోస్టాఫీసు భవనంలో షూటింగ్. నేలమీద లావుపాటి నల్లటి కేబుళ్లు పాకుతున్నాయి. గోడకి కొత్తగా వేసిన పాతరంగు ఇంకా తడారలేదు. ఒక నటి మెట్లమీద కూర్చుని పెదవులు కదుపుతూ మాటలు వల్లెవేసుకుంటోంది. ఎవరో పరిగెత్తుతున్నారు, ఎవరో ఊరికే నిలబడ్డారు. మాస్టారు జీవితంలో షూటింగ్ చూడటం అదే మొదలు. లోపలికి అడుగుపెట్టగానే నలుగురు లైటువాళ్లు పని ఆపి, "అమ్మా!" అంటూ ఆవిడ చుట్టూ మూగారు. ఇంట్లో రెండు మెట్లెక్కడానికి గోడ పట్టుకునే మనిషి ఇక్కడ కేబుళ్ల మధ్య ఎక్కడ అడుగు వేయాలో చూడకుండానే నడిచిపోతోంది. ఎవరి కొడుక్కి పరీక్షలో, ఎవరి భార్యకి ఆపరేషనో పేరుపేరునా అడుగుతోంది. తనకు తెలియకుండా భార్యలో ఇంత మనిషి ఉండిపోయిందా అనిపించింది మాస్టారికి.

పొడుగు డైరెక్టరమ్మ కెమెరా వెనక దూరంగా రెండు కుర్చీలు వేయించింది. పిచ్చుక ఒక్కసారి వచ్చి "నాన్నా, ఫోన్ ఆపేశావా?" అని అడిగి, జవాబు కోసం ఆగకుండా వెళ్లిపోయింది. జుట్టులో పెన్సిలు, చేతిలో కాగితాల కట్ట. ఎండలో అప్పుడే ముక్కు ఎర్రబడింది. ఆ పిల్ల అంత చురుగ్గా నడవడం మాస్టారు చూసి ఎన్నేళ్లయిందో. పిచ్చుక అని ఎందుకు పేరు పెట్టారో ఆయనకి మళ్లీ గుర్తొచ్చింది.

"ఇప్పుడు ఏం చేస్తున్నారు?" అని గుసగుసగా అడిగారు.

ఆవిడ మొదట పొడిపొడిగా జవాబు చెప్పింది. తర్వాత ఆ తలుపులోంచి వెలుతురు ఎందుకు రావాలో, ఆ నటి ఎందుకు మూడుసార్లు వెనక్కి వెళ్లి నడుస్తోందో వివరించడం మొదలుపెట్టింది. వివరిస్తూ వివరిస్తూ ఆయనమీద కోపంగా ఉన్న సంగతి కాసేపు మర్చిపోయింది. ఎంత బాగా చెప్తోంది! లెక్కలు చెప్పే తనకంటే తేలిగ్గా అర్థమయ్యేలా చెప్తోంది.

మాస్టారు ఆ మాటల మధ్యలోనే లెక్కవేసుకున్నారు. బడికి ఏడాదికి రెండు నెలలు సెలవులు. ఉప్పుమళ్లకి రాత్రి రైలెక్కితే పొద్దున్నకి దిగొచ్చు. లైట్‌హౌస్ దగ్గరికి ఒకటిన్నర రోజు. ఎవరు వద్దన్నారు?

"నేను కూడా వచ్చి ఉండాల్సింది" అన్నారు. "నన్నూ ఒకమాట రమ్మని పిలిచి ఉంటే..."

ఆవిడ ఆయనవైపు తిరిగింది. ఆ చూపులో కోపం లేదు, ఎన్నాళ్లనుంచో దాచుకున్న అలసట ఉంది.

"ప్రతి ఫోన్లోనూ ఏమన్నాను? పిల్లను తీసుకురండి అన్నాను. పంపించండి అన్నానా ఎప్పుడైనా?"

మాస్టారు ఆ మాటను లోపలే రెండుమూడుసార్లు చదువుకున్నారు. తీసుకురండి. కొట్లోంచి, రైల్వేస్టేషన్లోంచి, ఎవరి ఇంటి వరండాలోంచో, మూడు నిమిషాల ఫోన్లో ప్రతిసారీ. పిల్ల కోసం అడుగుతోందనుకున్నారు. పిల్లను చెయ్యిపట్టుకుని తీసుకొచ్చే మనిషి కోసం కూడా అడుగుతోందని ఆయనకి ఒక్కసారీ తోచలేదు. ఎదురుచూసింది ఇంట్లోవాళ్లే అనుకున్నారు ఇన్నేళ్లూ.

"సైలెన్స్!" అని అరిచింది పిచ్చుక. అచ్చం తల్లి గొంతే. పోస్టాఫీసంతా ఊపిరి బిగబట్టింది. నటి తలుపు తీసుకుని వెలుతురులోకి నడిచింది. సరిగ్గా అప్పుడే మాస్టారికి వెక్కు వచ్చింది. నోటికి రెండు చేతులూ అడ్డం పెట్టుకున్నా ఆగలేదు. అరవై ఏడేళ్ల మనిషి, అంతమంది ముందు, చిన్నపిల్లాడిలా భుజాలు అదిరిపోయేలా ఏడ్చారు.

"కట్!" అంది పొడుగు డైరెక్టరమ్మ. "ఎవరది?"

"మా నాన్న" అని చెప్పింది పిచ్చుక. అందరూ తిరిగి చూస్తుండగా కేబుళ్లు దాటుకుంటూ వచ్చి ఆయన ముందు గొంతుక్కూర్చుంది. జేబులోంచి నలిగిన చేతిరుమాలు తీసి ఇచ్చింది.

"నీమీద కోపం పోలేదు నాన్నా" అంది మెల్లగా. "ఇంకొన్నాళ్లు ఉంటుంది. కానీ నువ్వు రేపు కూడా రా. ఇక్కడికి వచ్చి కూర్చో. ఏడవాలంటే మాత్రం టేక్ అయ్యాక ఏడు. సౌండాయన నన్ను చంపేస్తాడు."

మాస్టారు ఏడుస్తూనే నవ్వారు. తలూపారు.

పిచ్చుక లేచి తన చోటికి వెళ్లి, కాగితాలు సర్దుకుని మళ్లీ అరిచింది. మాస్టారు ఊపిరి బిగబట్టుకుని కూర్చున్నారు. పక్క కుర్చీలోంచి ఆవిడ చెయ్యి వచ్చి ఆయన మోచేతి మీద పడింది. ఆవిడ చూపు మాత్రం తిప్పలేదు, కూతురి మీదే ఉంది. సాయంత్రం ప్యాకప్ చెప్పేదాకా ఆ చెయ్యి అక్కడే ఉంది.